రహస్: మెటియాబ్రుజ్‌లో పరీల కొలువు

రహస్ అవధ్ రాజాస్థానంలో పుట్టిన ఉత్సవ సంగీత రూపకం. బ్రజ్ భూమి రాధాకృష్ణులనూ పారసీక కథల దేవకన్యలైన పరీలనూ ఒకే రంగం మీద నిలబెట్టి, పాటతో, కథక్ అడుగుతో, వేషంతో ఒక లేని లోకాన్ని కట్టి చూపడం దీని పని. లక్నోలో మొదలై, కలకత్తాకు నైరుతి దిక్కున హుగ్లీ ఒడ్డున ఉన్న మెటియాబ్రుజ్‌లో ముగిసింది. కర్తా, నిర్వాహకుడూ, ఖర్చు భరించినవాడూ ఒక్కడే. అతను అవధ్ చివరి పాదుషా వాజిద్ అలీ షా (1822–1887). ఆయన మరణంతో పూర్తి రూపంలో రహస్ ఆగిపోయింది. దాని ముక్కలు మాత్రం ఠుమ్రీలోనూ, కథక్ గత్‌లలోనూ, ఉర్దూ రంగస్థలంలోనూ, చివరికి సినిమాల్లోనూ తేలాయి.

రహస్‌ను రాజుగారి విలాసంగా, నాచ్ కచేరీగా కొట్టిపారేసిన రాతలు చాలా ఉన్నాయి. అందులో సగం ఈస్టిండియా కంపెనీ అధికారుల చలవే. పాలన చేతకాక ఆటపాటల్లో మునిగాడని చూపిస్తే తప్ప రాజ్యం కలుపుకోవడానికి వాళ్ళకు సాకు లేదు. కచేరీకి, రహస్‌కు తేడా స్పష్టం. కచేరీలో పాడేవాళ్ళ ఇష్టాన్ని బట్టి పాట మారుతుంది. రహస్‌కు సందర్భం, వరస, దుస్తులు, ఎవరు ఎక్కడ నిలబడాలో చెప్పే కట్టుబాటు ఉన్నాయి. వేడుక కోసం కట్టిన సంగీతం అది.

లక్నో రోజులు

మథుర, బృందావనాల్లో బాలురు రాధాకృష్ణుల వేషం కట్టి ఆడే రాసలీల మండళ్ళు రహస్‌కు మూలం. ‘రాస్’ అవధీ, ఉర్దూ నోళ్ళలో ‘రహస్’ అయింది. యువరాజుగా ఉన్నప్పుడే, 1843 ప్రాంతంలో, వాజిద్ అలీ ‘రాధా కన్హయ్యా కా కిస్సా’ రాసి ఆడించాడు. అప్పటికి ఆయన వయసు ఇరవై ఒక్కటి దాటలేదు. ఉర్దూ నాటకానికి ఇదే తొలి రచన అని చాలామంది చరిత్రకారుల లెక్క. 1847లో గద్దెనెక్కాక కైసర్‌బాగ్ ప్రాంగణం కట్టించాడు. అందులో రహస్‌ల కోసం ప్రత్యేకంగా ఒక మందిరం ఏర్పాటైంది. దాన్ని రహస్ మంజిల్ అనేవారు.

బాలుర బదులు స్త్రీలు ఆడడం లక్నో చేసిన పెద్ద మార్పు. వాళ్ళకు శిక్షణ ఇచ్చిన చోటు పరీఖానా. కళావంతుల ఇళ్ళ నుంచి, దాసీల నుంచి, పేద కుటుంబాల నుంచి వచ్చిన యువతులకు ఉస్తాదులు అక్కడ పాట, ఆట నేర్పేవారు. ఒక్కొక్కరికీ ‘పరీ’ అని ముగిసే పేరు పెట్టేవారు. రాజు వాళ్ళలో చాలామందిని షియా ఆచారం ప్రకారం ముతా (తాత్కాలిక) వివాహం చేసుకున్నాడు. బిడ్డను కంటే ‘మహల్’ అన్న బిరుదు దక్కేది. అలా పరీఖానాలో మహక్ పరీగా అడుగు పెట్టినామె హజ్రత్ మహల్ అయింది. 1857 తిరుగుబాటులో లక్నోను నిలబెట్టింది ఈమే. పసివాడైన కొడుకు బిర్జిస్ కద్ర్‌ను గద్దె మీద కూర్చోబెట్టి కంపెనీ సేనలతో తలపడి, ఓడాక నేపాల్ చేరి, 1879లో కాఠ్మండూలో కన్నుమూసింది. పరీఖానాను వెక్కిరించిన ఆంగ్లేయ అధికారులు ఆ పరీఖానా నుంచే తమ గట్టి శత్రువు వస్తుందని ఊహించి ఉండరు.

ఆ యౌవనపు ప్రేమల కథను రాజు స్వయంగా ‘ఇష్క్‌నామా’గా రాసుకున్నాడు. వందకు పైగా బొమ్మలున్న దాని రాతప్రతి ఇప్పుడు ఇంగ్లండులోని విండ్సర్ కోటలో ఉంది.

తెలుగు పాఠకుడికి ఇక్కడ తంజావూరు గుర్తుకు రాక మానదు. విజయరాఘవ నాయకుడు (పాలన 1633–1673) తానే యక్షగానాలు రాశాడు. ఆయన కొలువులో రంగాజమ్మ ‘మన్నారుదాస విలాసం’ రాసింది. ఆస్థాన స్త్రీలే ఆ నాటకాలు ఆడారు. రాజే కవి, రాజే నాయకుడు, మన్నారుగుడి రాజగోపాలుడు కులదైవం. రెండు రాజ్యాలూ శత్రువుల పాలయ్యాక ‘ఆడుతూ పాడుతూ పోగొట్టుకున్నారు’ అన్న మాటే రెండు చోట్లా మిగిలింది. తేడా ఒకటుంది. తంజావూరు రాజు వైష్ణవుడు, కృష్ణకథ ఆయన సొంత భక్తి. వాజిద్ అలీ నమాజు తప్పని షియా ముస్లిం. అయినా కన్హయ్యా వేషం కట్టడం ఆయనకు తప్పుగా తోచలేదు. కూచిపూడి భాగవతులకు గోల్కొండ తానీషా అగ్రహారం ఇచ్చాడన్న కథను తరతరాలుగా చెప్పుకుంటున్నవాళ్ళకు ఇది మరీ వింతగా ఉండదు.

రహస్‌కు తోడు లక్నోలో ఒక బహిరంగ వేడుక జరిగేది. శ్రావణంలో కైసర్‌బాగ్ తలుపులు సామాన్యులకు తెరిచేవారు. కాషాయ బట్టలతో రావాలన్నది ఒక్కటే షరతు. రాజు ముత్యాల బూడిద పూసుకుని జోగి వేషంలో కూర్చునేవాడట. జోగియా మేళా అన్న ఈ పండుగకు మూలంగా ఒక కథ చెబుతారు. వాజిద్ అలీ పుట్టినప్పుడు జ్యోతిష్కులు ఇతను సన్యాసి అవుతాడన్నారనీ, ఆ దోషం పోవాలని తల్లి ఏటా పుట్టినరోజున కొడుక్కి జోగి బట్టలు కట్టేదనీ. కథ నిజమెంతో గాని, గ్రహదోష పరిహారం ఊరంతటి ఉత్సవంగా మారడం ఆ ఆస్థానపు తీరుకు సరిపోయింది.

కథ, పాత్రలు

‘రాధా కన్హయ్యా కా కిస్సా’ను పురాణ నాటకమనడం కష్టం. కథ నడిచేది బ్రజ్‌లోనే అయినా దానికి చుట్టూ ఉన్న చట్రం పారసీక దాస్తాన్ కథల నుంచి వచ్చింది. విరహంతో ఉన్న ఒక జోగిని, ఆమెకు సేవ చేసే పరీలు, ఇఫ్రీత్ అన్న రాక్షసుడు, వీళ్ళది ఒక వరస. వాళ్ళ లోపల, నాటకంలో నాటకంలా, రాధ, కన్హయ్యా, చెలికత్తెలు వస్తారు. నవ్వించడానికి రామ్‌చేరా అన్న పాత్ర ఉంటుంది. రాసలీలలో కృష్ణుడి నేస్తం మన్సుఖా చేసే పని ఇక్కడ ఇతనిది. మన వీధి భాగవతంలో మాధవి, సుంకర కొండడు చేసే పని కూడా అదే.

ఈ కూర్పు లోకంలో భూగోళం గాని కాలం గాని పట్టించుకోరు. అరబ్బీ రాక్షసుడు గోపికల నృత్యానికి ఏర్పాట్లు చేస్తాడు. పరీలు బ్రజ్ భాషలో పాట వింటారు. మాటలు ఉర్దూలో, పాటలు ఎక్కువగా బ్రజ్, అవధీల్లో. ‘జగదేకవీరుని కథ’లో ఇంద్రుడి కూతురు భూమి మీద చెరువులో జలకాలాడడం చూసి ఆనందించిన మనకు ఈ లోకం కొత్త కాదు. దేవతల కొలువుకూ జానపద కథకూ మధ్య గోడ లేని ఊహ అది.

ఈ రచనతో పాటు రాజు తన ప్రేమకథా కావ్యాలను కూడా రంగానికి ఎక్కించాడు. వాటి తయారీకి నెలల తరబడి సాధన, లక్షల రూపాయల ఖర్చు అయ్యేవి. కావ్యాలుగా అవి గొప్పవేమీ కావు. రంగం మీద వాటి బలం బట్టలు, దీపాలు, పాట, గుంపుగా కదిలే స్త్రీల అడుగు.

సంగీతం, నృత్యం

రహస్ ఎన్నో చిన్న అంశాలను వరసగా గుచ్చిన కూర్పు. వాటికి రాజే పేర్లు పెట్టాడు: సలామీ, ముజ్రా, ఘూంఘట్, మోర్‌ఛత్రీ, మోర్‌పంఖీ. సలామీ కొలువుకు వందనం. ముసుగు కొద్దిగా తొలగించి చూపు విసరడం ఘూంఘట్. మోర్‌ పేరున్నవి నెమలి వయ్యారం పట్టినవి. సలామీ మన దక్షిణాది కొలువుల్లోనూ ఉంది. తంజావూరు మరాఠా రాజుల కాలంలో నర్తకులు పాడి ఆడిన తెలుగు ‘సలాం దరువులు’ ఆ కోవలోవే. ఉత్తరాదిన అడుగుతో, దక్షిణాన సాహిత్యంతో, రెండు చోట్లా ప్రభువు కొలువులో కూర్చున్నాడని ప్రకటించడమే ఆ అంశం ఉద్దేశం.

నృత్యానికి ఆధారం కథక్. రాజుకు నేర్పినవాడు ఠాకుర్ ప్రసాద్. ఆ కుటుంబంలోని కాల్కా, బిందాదీన్ సోదరుల నుంచి లక్నో ఘరానా స్థిరపడింది. రహస్‌లో ఒంటరి నర్తకి ప్రతిభకు చోటు తక్కువ. చేతులు పట్టుకుని గుండ్రంగా తిరగడం, జంటలుగా విడిపోవడం, మళ్ళీ కలిసి ఒక ఆకారం కట్టడం ముఖ్యం. రాసలీలలోని మండలాన్ని ఆస్థానం ఇలా నిలుపుకుంది.

పాట విషయానికొస్తే రహస్‌కు ప్రాణం ఠుమ్రీ. ధ్రుపద్ గంభీరం, ఖయాల్ విస్తారం. ఠుమ్రీకి రెండు మూడు పాదాల సాహిత్యం చాలు. ఒకే మాటను అలకగా, ఆశగా, ఎత్తిపొడుపుగా తిప్పి తిప్పి పాడతారు, ఆ తిప్పడాన్ని నర్తకి ముఖంతో చూపుతుంది. అందుకే రంగం మీద ఇమిడింది. భైరవి, ఖమాజ్, పీలూ, కాఫీ లాంటి రాగాలు దీనికి నప్పుతాయి. తబలా, సారంగి, మంజీరాలు తోడు. రాజు ‘అఖ్తర్’ కలం పేరుతో గజళ్ళు, ‘అఖ్తర్ పియా’ ముద్రతో ఠుమ్రీలు కట్టాడు.

ఈ అభిరుచిని అందరూ మెచ్చలేదు. ఉర్దూ రచయిత అబ్దుల్ హలీమ్ షరర్ (1860లో జననం) బాల్యం మెటియాబ్రుజ్‌లోనే గడిచింది. తండ్రి రాజు కొలువులో ఉండేవాడు. తర్వాత తన ‘దిల్‌గుదాజ్’ పత్రికలో లక్నో సంస్కృతి మీద రాసిన వ్యాసమాల ‘గుజిష్తా లక్నో’గా ప్రసిద్ధికెక్కింది. రాజు మీద ఎంత మమకారమున్నా, ఠుమ్రీ మోజు వల్ల లక్నోలో బరువైన సంగీతం పలచబడిందని షరర్ రాశాడు. ఆ విమర్శలో కొంత నిజం ఉంది. కానీ పలచబడిందంటున్న ఆ సంగీతమే తర్వాతి నూరేళ్ళు ఉత్తరాది స్త్రీ గాయకులకు అన్నం పెట్టింది.

రాజ్యం పోయాక

1856 ఫిబ్రవరిలో గవర్నర్ జనరల్ డల్హౌసీ అవధ్‌ను కంపెనీ రాజ్యంలో కలిపేశాడు. లక్నోలోని రెసిడెంటు ఊట్రామ్ తెచ్చిన ఒప్పంద పత్రం మీద రాజు సంతకం పెట్టలేదు. మార్చిలో లక్నో విడిచి, లండన్ వెళ్ళి రాణి విక్టోరియాకు మొర పెట్టుకుందామని మే నెలకు కలకత్తా చేరాడు. ఆరోగ్యం బాగాలేక తాను ఆగిపోయి తల్లిని పంపాడు. ఆమె మొర ఫలించలేదు. తిరుగు దారిలో 1858లో పారిస్‌లో చనిపోయింది, సమాధి పేర్ లాషేజ్ శ్మశానంలో ఉంది. ఈలోగా 1857 జూన్‌లో, తిరుగుబాటుదారులు ఆయన పేరు వాడుకుంటారన్న భయంతో కంపెనీ రాజును ఫోర్ట్ విలియమ్‌లో బంధించింది. రెండేళ్ళకు పైగా అక్కడే. ఆ ఖైదు మీద రాసిన కావ్యం ‘హుజ్న్-ఎ-అఖ్తర్’.

1859లో విడుదలయ్యాక నెలకు లక్ష రూపాయల భత్యంతో మెటియాబ్రుజ్‌లో స్థిరపడ్డాడు. మొదట దిగింది అద్దె ఇంట్లో, బర్ద్వాన్ మహారాజా భవంతిలో. ఆ తర్వాత సుల్తాన్ ఖానా, అసద్ మంజిల్, మురస్సా మంజిల్, నూర్ మంజిల్ అంటూ భవనాలు, తోటలు, పాముల కొండ ఉన్న జంతుశాల పెరిగాయి. వెంట వచ్చిన వేలాది మంది, అంటే ఉస్తాదులు, వంటవాళ్ళు, హకీములు, పావురాల పోటీలవాళ్ళు, గాలిపటాలు కట్టేవాళ్ళు అక్కడే ఇళ్ళు కట్టుకున్నారు. సుల్తాన్ ఖానా ద్వారం మీద నౌబత్ ఖానా ఉండేది. నగారాలు పాత పద్ధతిలో జాములు, ఘడియలు చాటేవి. ఆంగ్లేయుల రాజధాని గడియారాలతో నడుస్తుంటే, నాలుగు మైళ్ళ దూరంలో ఈ పేట వేరే కాలంలో నడిచేదన్నమాట.

రహస్ అర్థం ఇక్కడే మారిందని ఈ వ్యాసకర్త అభిప్రాయం. లక్నోలో అది రాజ్యమున్న రాజు వేడుక. పన్నులు, సైన్యం, న్యాయస్థానం ఒక పక్క, పరీల కొలువు మరో పక్క. మెటియాబ్రుజ్‌లో మొదటి పక్క లేదు. సలామీ అందుకోవడానికి పరీలే మిగిలారు. కొలువు తీరడం, వందనం, వరస, బిరుదులు, రాజరికంలో కనిపించే భాగమంతా రహస్‌లోనే బతికింది. దానికి ఖర్చు కూడా రాజ్యం ఖర్చులాగే పెరిగి అప్పులు మిగిల్చింది. ఆ అప్పుల మీద ఆంగ్లేయ అధికారులతో నడిచిన ఉత్తర ప్రత్యుత్తరాలకు అంతులేదు.

నర్తకుల బృందాల పేర్లు షరర్ చెప్పాడు. రాధా మంజిల్ వాలియాఁ, సార్దా మంజిల్ వాలియాఁ, ఝూమర్ వాలియాఁ, లట్కన్ వాలియాఁ, నథ్ వాలియాఁ, ఘూంఘట్ వాలియాఁ, రహస్ వాలియాఁ, నకల్ వాలియాఁ. ఝూమర్ తల నగ, నథ్ ముక్కు నగ. ఒక్కో బృందానికీ ఒక నగ, ఒక అంశం లేదా ఒక భవనం గుర్తు. నకల్ వాలియాఁ అనుకరణలతో నవ్వించేవాళ్ళు. వీరిలో చాలామంది ముతా భార్యలే.

ఈ పేర్ల జాబితా చూసి ముచ్చటపడే ముందు ఇంకో సంగతి. రాజు మెటియాబ్రుజ్‌లో భార్యలలో చాలామందికి విడాకులు ఇచ్చేశాడు. భత్యం చాలకపోవడం ఒక కారణం. పాట, ఆట నేర్చి, వయసు వచ్చాక, చేతిలో ఏమీ లేకుండా బయటపడ్డ ఆ స్త్రీలు ఏమయ్యారో చెప్పే పుస్తకాన్ని రాజూ రాయలేదు, షరరూ రాయలేదు. రహస్‌కు కర్తగా ఒక్క రాజు పేరే రాసుకుంటాం. ఆ కూర్పును ఒంటి మీద మోసింది మాత్రం వాళ్ళు.

‘బనీ’: స్వరం లేని గ్రంథం

రహస్ గురించి మనకు తెలిసిన దానిలో ఎక్కువ భాగం 1877లో వెలువడిన ‘బనీ’ అన్న గ్రంథం నుంచి వచ్చింది. రాజు మెటియాబ్రుజ్‌లో ఉండగానే రాసిన పుస్తకం. సంగీతం, తాళం, నృత్యం, నకలు, పాటలతో పాటు 36 రకాల రహస్‌ల వివరం ఇందులో ఉంది. బట్టలు, నగలు, రంగం మీద ఏర్పాట్లు కూడా చెప్పాడు. మన దేశంలో ఒక ప్రయోక్త తన ప్రయోగం గురించి తానే ఇంత వివరంగా రాసుకోవడం అరుదు. లక్షణ గ్రంథాలు చాలావరకు పండితులు రాసినవి. ఇది ఆడించినవాడు రాసింది.

లోటు మాత్రం పెద్దది. ‘బనీ’ చదివి రహస్ ఎలా కనిపించేదో చాలావరకు ఊహించవచ్చు. ఎలా వినిపించేదో ఊహించలేం. స్వరలిపి లేదు. కలకత్తాలోనే, అదే సంవత్సరాల్లో పాథురియాఘాట ఠాకూర్ల ఇంట క్షేత్రమోహన్ గోస్వామి బెంగాలీ స్వరలిపిని తయారుచేస్తున్నాడు. ఆయన శిష్యుడూ పోషకుడూ అయిన శౌరీంద్ర మోహన్ ఠాకూర్ 1871లో బంగ సంగీత విద్యాలయం స్థాపించాడు. ఆ స్వరలిపికీ ‘బనీ’కీ మధ్య ఉన్నది కొద్ది మైళ్ళ దూరమే. దాన్ని దాటాల్సిన అవసరం రాజుకు కనిపించలేదు. రోజూ సాధన చేసే వందల గొంతులు ఇంట్లోనే ఉన్నవాడికి కాగితం మీద స్వరం దేనికి? మనకు సుబ్బరామ దీక్షితులు 1904లో ఎట్టయపురం నుంచి ‘సంగీత సంప్రదాయ ప్రదర్శిని’ని గమక చిహ్నాలతో సహా తెలుగులో అచ్చు వేయించకపోతే ముత్తుస్వామి దీక్షితుల కృతుల పాఠం ఎంత మిగిలేదో ఆలోచిస్తే, ఈ లోటు బరువు తెలుస్తుంది.

మొహర్రం

మెటియాబ్రుజ్ ఏడాదిలో రహస్‌కు ఎదురు కొసన మొహర్రం ఉండేది. కర్బలాలో ఇమామ్ హుసేన్ వీరమరణానికి సంతాపం పాటించే ఆ రోజుల్లో ఉత్సవ సంగీతం ఆగిపోయి, సోజ్, మర్సియా, నౌహాలు మొదలయ్యేవి. లక్నో సోజ్ గాయకులు వాద్యం లేకుండానే, రాగం చెడకుండా శోకగీతం పాడడంలో ఆరితేరినవాళ్ళు. రాజు ఊరేగింపులో స్వయంగా తాషా డప్పు వాయించేవాడు. ఆయన 1864లో కట్టించిన సిబ్తైనాబాద్ ఇమాంబాడా ఇప్పటికీ మెటియాబ్రుజ్‌లో నిలిచి ఉంది.

రహస్‌లో నాయిక విరహం, సోజ్‌లో కర్బలా శోకం వేర్వేరు లోకాలు. పాడే గొంతులు, నేర్పే ఉస్తాదులు మాత్రం ఒకే పేటవాళ్ళు. గోల్కొండలో మహమ్మద్ కులీ కుతుబ్ షా వసంతోత్సవం మీదా, మొహర్రం మీదా దక్కనీలో రాసినట్టే ఇక్కడా ఒకే కలం రెంటికీ పని చేసింది.

కలకత్తా మీద ముద్ర

మెటియాబ్రుజ్ కొలువులో తాన్‌సేన్ వంశపు రబాబ్ విద్వాంసుడు బాసత్ ఖాన్ ఉన్నాడు. సరోద్ విద్వాంసుడు నియామతుల్లా ఖాన్ ఏళ్ళ తరబడి ఉన్నాడు. సరోద్‌కు లోహపు పలక, లోహపు తీగలు అమర్చి నేటి ధ్వని తెచ్చినది ఈయనే అని ఆ వంశంవారు చెబుతారు. కొడుకులు కరామతుల్లా, కౌకబ్ ఖాన్‌లు ఆ విద్యను కలకత్తాలో నిలబెట్టారు. గాయకులు అలీ బఖ్ష్, మురాద్ అలీ ఖాన్ల దగ్గర అఘోరనాథ్ చక్రవర్తి లాంటి బెంగాలీలు నేర్చుకున్నారు. కలకత్తా జమీందార్లు, సంగీతం మీద మోజున్న ఉద్యోగులు పడవల్లో, గుర్రబ్బండ్లలో మెటియాబ్రుజ్ దారి పట్టేవారు. మలకా జాన్, ఆమె కూతురు గౌహర్ జాన్ 1883లో కలకత్తా చేరారు. మలకా జాన్ ఈ కొలువులో పాడింది. ఆ గౌహరే 1902లో భారతదేశపు తొలి గ్రామఫోన్ రికార్డులకు గొంతు ఇచ్చింది.

రంగస్థలం వైపు కథ ఇంకాస్త చిక్కుగా ఉంది. ఆగా హసన్ అమానత్ లక్నోలో రాసిన ‘ఇందర్ సభ’ 1850ల తొలి సంవత్సరాల్లో వెలువడింది. ఇంద్రుడి కొలువు, అందులో రంగురంగుల పరీలు, భూలోకపు రాకుమారుణ్ణి ప్రేమించిన సబ్జ్ పరీ కథ. దీన్ని రాజే రాయించాడనీ, ఇంద్రుడిగా తానే ఆడాడనీ చాలాకాలం చెప్పుకున్నారు. దానికి ఆధారం లేదు. ‘ఇందర్ సభ’ కోటలో కాక పట్టణంలో, జనం మధ్య పుట్టింది. రహస్ గాలి దానికి సోకిందనడం వరకు సబబు. ఆ తర్వాత పార్సీ నాటక సంస్థలు దాన్ని ఊరూరా తిప్పాయి. 1932లో కలకత్తాకే చెందిన మదన్ థియేటర్స్ ‘ఇంద్రసభ’ సినిమా తీసి అందులో డెబ్బైకి పైగా పాటలు పెట్టింది. అదే సంవత్సరం సురభి నటులతో హెచ్. ఎం. రెడ్డి మన తొలి టాకీ ‘భక్త ప్రహ్లాద’ తీశాడు. మన తొలి సినిమాల్లో పాట ఎందుకంత దట్టంగా ఉండేదని అడిగేవాళ్ళకు జవాబు సినిమాలో దొరకదు. అంతకు ముందు ఎనభై ఏళ్ళ రంగస్థలంలో వెతకాలి.

1887 తర్వాత

1887 సెప్టెంబరు 21న వాజిద్ అలీ షా మరణించాడు. సమాధి సిబ్తైనాబాద్ ఇమాంబాడాలోనే. ప్రభుత్వం భత్యం ఆపేసి, ఎస్టేటును విడగొట్టి, జంతువులను, సామాన్లను వేలం వేసింది. భవనాలు చాలావరకు కూలాయి. బృందాలు చెదిరాయి. కొడుకు బిర్జిస్ కద్ర్ నేపాల్ నుంచి తిరిగివచ్చి 1893లో కలకత్తాలో చనిపోయాడు. ఆ సంవత్సరానికి మెటియాబ్రుజ్ పక్కన ఖిదిర్‌పూర్ రేవు పని చేస్తోంది.

రాజు పోయిన ఏడే బెంగాల్ నాగపూర్ రైల్వే కంపెనీ ఏర్పడింది. తర్వాత దాని ప్రధాన కార్యాలయం ఇదే ఒడ్డున గార్డెన్ రీచ్‌కు వచ్చింది. ఆ కార్యాలయమే ఆగ్నేయ రైల్వేది అయింది. 2003లో తూర్పుకోస్తా రైల్వే పనిలోకి వచ్చేదాకా వాల్తేరు డివిజన్ దాని కిందే ఉండేది కాబట్టి, విశాఖ రైల్వే కుటుంబాలకు గార్డెన్ రీచ్ పేరు బదిలీల, పదోన్నతుల కాగితాల మీద పరిచయం. అక్కడి జనరల్ మేనేజరు బంగళా ఒకప్పటి రాజుగారి నివాసమని స్థానికంగా చెబుతారు. మెటియాబ్రుజ్ ఇప్పుడు కుట్టుపనికి, రెడీమేడ్ బట్టల హోల్‌సేల్‌కు పేరుపడ్డ పేట. గాలిపటాల పందేలు, బంగాళాదుంప వేసిన బిర్యానీ రాజు కాలం నుంచి వచ్చాయంటారు.

రహస్ విడిపోయాక దాని ముక్కలు తలో దారి పట్టాయి. ఠుమ్రీ అందరికంటే దూరం వెళ్ళింది. మెటియాబ్రుజ్‌వాడైన ప్యారే సాహెబ్ సన్నని హెచ్చు గొంతుతో పాడిన ఠుమ్రీలు ఇరవయ్యో శతాబ్దం తొలి రోజుల్లో రికార్డులుగా అమ్ముడుపోయాయి. రాజు రచనగా చెప్పుకునే భైరవి ఠుమ్రీ ‘బాబుల్ మోరా’ను 1938లో న్యూ థియేటర్స్ ‘స్ట్రీట్ సింగర్’ సినిమాలో ఆర్. సి. బోరాల్ సంగీతంలో సైగల్ పాడాడు. పెళ్ళికూతురు పుట్టిల్లు విడిచే అప్పగింతల పాట అది. లక్నో విడిచిన రాజు బాధ అందులో ఉందని అందరూ చెబుతారు. ఆయన దాన్ని ఏ రోజు కట్టాడో తేల్చే ఆధారం లేకున్నా, ఆ అర్థం పాటకు అతుక్కుపోయింది, ఇక ఊడదు. ఘూంఘట్, నెమలి లాంటి గత్‌లు కథక్‌లో ఇప్పటికీ నేర్పుతారు. నేర్చుకునే పిల్లల్లో అవి ఒకప్పుడు ఏ వరసలో ఏ కొలువు ముందు వచ్చేవో తెలిసినవాళ్ళు తక్కువ.

రహస్‌ను తెర మీద తిరిగి కట్టిన ప్రయత్నాల్లో ఎక్కువమంది చూసింది సత్యజిత్ రాయ్ ‘శత్రంజ్ కే ఖిలాడీ’ (1977). వాజిద్ అలీగా అమ్జద్ ఖాన్ కృష్ణ వేషంలో రంగం మీద కనిపించేది కొద్ది క్షణాలే. కథక్ ఘట్టానికి నృత్యం కూర్చినవాడు బిర్జూ మహారాజ్, రాజుకు ఆట నేర్పిన కుటుంబపు వారసుడు. రాయ్ ఆ ఘట్టంలో ఒక్క నర్తకిని ముందు నిలబెట్టాడు. సినిమాకు అది అందమే. ‘బనీ’లో రాజు చెప్పిన రహస్‌లు మాత్రం గుంపు కోసం కట్టినవి. చేతులు కలిపి తిరిగే అంతమందిని పోషించి, సాధన చేయించి, ఒకే అడుగు వేయించగల కొలువు ఆ తర్వాత మళ్ళీ ఏర్పడలేదు.